స్కైరిమ్‌లో కనిపించిన ప్రతి పెట్టె తెరవాలా? దొరికినవి ఎక్కడ దాచుకోవాలి?

ప్రశ్నలో మీరు చెప్పిన బాధ మొత్తం నేను పడ్డదే కాబట్టి కాస్త వివరంగా రాస్తున్నా. స్కైరిమ్ అనే ఈ వీడియో గేమ్‌లో ప్రతి గుహలో ప్రతి పీపా, ప్రతి సంచీ తెరిచి చూస్తుంటే ఒక్క డంజన్‌కే (శత్రువులుండే గుహ, సమాధి లాంటి చోటుకే) రెండు గంటలు పడుతోంది, తీరా దొరికేవి క్యాబేజీలూ గుడ్డపీలికలూ, బరువెక్కువై పరుగు కూడా రావట్లేదు, పైగా ఒక పీపాలో దాచుకున్న మంచి సామాను మొత్తం మాయం, ఇది బగ్గా అని కదా అడిగారు. బగ్ కాదండీ. గేమ్ అలాగే చేశారు.

ముందు ఆ మాయమైన సంగతి చెప్తా, ఎందుకంటే అదే అన్నిటికంటే మండేది. నేను మొదటిసారి ఆడినప్పుడు రివర్‌వుడ్ అనే ఊరి దగ్గర ఎంబర్‌షార్డ్ గని ఉంటుంది కదా, అందులో బందిపోట్లందర్నీ చంపేసి, ఇంక ఎవరూ లేరు కదా అని అక్కడున్న ఒక చెస్ట్‌ని (పెద్ద పెట్టెని) నా సొంత బీరువాలా వాడుకోవడం మొదలెట్టా. దొరికిన ఎన్‌చాంటెడ్ (మంత్రశక్తి ఉన్న) కత్తులు, డ్రాగన్ ఎముకలు, ఎప్పుడైనా పనికొస్తాయని దాచిన పోషన్లు (మందు సీసాలు) అన్నీ అందులోనే. తర్వాత వైట్‌రన్ అనే పట్టణం వైపు వెళ్ళి, అక్కణ్ణించి ఎటెటో తిరిగి, చాలా రోజులకి మళ్ళీ వస్తే గని నిండా బందిపోట్లు, సరే మళ్ళీ చంపి లోపలికెళ్ళి చెస్ట్ తెరిస్తే ఒక ఇనప హెల్మెట్టు, కాస్త గోల్డు. అంతే. ఆ రోజు గేమ్ ఆపేసి మళ్ళీ వారం వరకు ముట్టుకోలేదు.

జరిగేది ఏంటంటే, గేమ్‌లో ప్రతి చోటుకీ ఒక గడువు ఉంటుంది. మీరు వెళ్ళి పూర్తిగా ఖాళీ చెయ్యని చోటైతే, చివరిసారి వెళ్ళిన దగ్గర్నుంచి గేమ్ టైమ్‌లో 10 రోజులు, మ్యాప్‌లో క్లియర్డ్ అని పడిన డంజన్ అయితే 30 రోజులు. గడువు దాటాక మీరు మళ్ళీ అడుగుపెడితే ఆ చోటు మొత్తం కొత్తగా నింపుతుంది, శత్రువులతో సహా. నింపేటప్పుడు చెస్ట్‌లో ఉన్నదంతా తీసి పారేసి కొత్తది వేస్తుంది, అందులో మీ సామాను ఉందా ఇంకెవరిదైనా ఉందా అని చూడదు. 30 రోజులంటే చాలా ఎక్కువ అనిపిస్తుంది కానీ గేమ్‌లో టైమ్ మామూలుగా 20 రెట్లు వేగంగా నడుస్తుంది, అంటే మనం 36 గంటలు ఆడితే అక్కడ నెల గడిచిపోతుంది, 10 రోజులైతే 12 గంటల ఆటే. నిద్రపోవడం, వెయిట్ చెయ్యడం, ఫాస్ట్ ట్రావెల్ (మ్యాప్‌లో ఒక చోటు ఎంచుకుని నేరుగా అక్కడికి చేరడం) ఇవన్నీ కలిపితే ఇంకా తొందరగా అయిపోతుంది.

కాబట్టి దారిలో ఎదురయ్యే పీపా, సంచీ, చెస్ట్ ఏదైనా తీసుకోవడానికే, పెట్టుకోవడానికి కాదు. కొన్ని మళ్ళీ నిండనివి కూడా ఉంటాయి నిజమే, కానీ చూడ్డానికి రెండూ ఒకేలా ఉంటాయి, పైన బోర్డేమీ ఉండదు, ఎందుకొచ్చిన తంటా. శవాల మీద పెట్టడం అయితే ఇంకా ఘోరం, కొంచెం సేపు అటు వెళ్ళొస్తే శవమే ఉండదు. సామాను భద్రంగా ఉండాలంటే మీరు కొన్న ఇల్లే దిక్కు. వైట్‌రన్‌లో బ్రీజ్‌హోమ్ 5000 గోల్డ్, మెయిన్ క్వెస్ట్ (గేమ్ అసలు కథ) కొంచెం ముందుకెళ్తే యార్ల్ (అక్కడి పాలకుడు) దగ్గరుండే ప్రొవెంటస్ అమ్ముతాడు. చిన్న ఇల్లే, కానీ కమ్మరి కొట్టు పక్కనే, ఊరి గేటు పక్కనే, అందుకని నాకు ఆ తర్వాత పెద్ద ఇళ్ళు వచ్చినా అసలు స్టోర్ మాత్రం అక్కడే పెట్టుకున్నా. అందులో నాదొక పద్ధతి, మంచం పక్క చెస్ట్‌లో ఆయుధాలు, కింద పీపాలో తిండి, వంట సామాను, ఇంకోదాంట్లో ఆల్కెమీవి (పోషన్లు చెయ్యడానికి వాడే మూలికల్లాంటివి). అన్నీ ఒకే చెస్ట్‌లో కుక్కితే లిస్ట్ దిగడానికే పావుగంట పడుతుంది, అనుభవం మీద చెప్తున్నా.

ఇల్లు కొనేంత డబ్బు లేనప్పుడు ఏం చెయ్యాలి అంటే తోడుగా వచ్చేవాళ్ళకి ఇవ్వడమే. వైట్‌రన్‌లో థేన్ (యార్ల్ ఇచ్చే గౌరవ పదవి) అయ్యాక లిడియా అనే అంగరక్షకురాలు వస్తుంది, పాపం మొహం మాడ్చుకునే మోస్తుంది. ఒక చిట్కా ఉంది, ఆవిడ ఇంక మొయ్యలేను అన్నాక కూడా వస్తువుని కింద పడేసి, అది తీసుకో అని ఆర్డర్ వేస్తే తీసేసుకుంటుంది. కాకపోతే యుద్ధంలో ఆవిడ చనిపోతే ఆ సామాను శవంతోపాటు ఉంటుంది, అప్పుడే వెతికి తీసుకోకపోతే పోయినట్టే, కాబట్టి మరీ ప్రాణంలా చూసుకునేవి ఇవ్వకండి.

ఇక ఏది తెరవాలి అన్నది. నేను ఇప్పుడు పీపాలు, గోనె సంచులు దాదాపు ముట్టుకోను. వాటిల్లో ఎక్కువగా తిండి, కూరగాయలు, ఉప్పు ఉంటాయి, వంట చేసే అలవాటుంటే ఉప్పు కోసం చూడొచ్చు, లేకపోతే దండగ. బట్టల బీరువాల్లో బట్టలే ఉంటాయి, అందులో కత్తి దొరుకుతుందని ఆశపడితే మన తప్పు. పాత నార్డ్ సమాధుల్లో మట్టి కుండలుంటాయి చూడండి, అవి మాత్రం వదలను, ఎందుకంటే వాటిల్లో తరచుగా గోల్డ్ ఉంటుంది, గోల్డ్‌కి బరువు సున్నా. అసలైనది డంజన్ చివర్లో ఉండే పెద్ద చెస్ట్, అందులో కనీసం ఒక్కటైనా పనికొచ్చేది ఉంటుంది. బ్లీక్ ఫాల్స్ బారో అనే పాత సమాధిలో అయితే ఆ గోడ మీద రాతలు మెరిసే గదిలో, చివరి డ్రాగర్ (లేచి తిరిగే శవం) లేచే శవపేటిక దగ్గరే ఉంటుంది, నా ఫ్రెండ్ ఒకడు గోడ దగ్గరికెళ్ళి మంత్రం నేర్చేసుకుని, భయంతో పరిగెత్తి బయటికొచ్చేసి, అక్కడ చెస్ట్ ఉందని నేను ఫోన్‌లో చెప్తే గానీ నమ్మలేదు.

దాచిన చెస్ట్‌లు కనిపెట్టడానికి నేను పెట్టుకున్న లెక్క ఒకటే, గేమ్‌లో దారి ఊరికే ఆగిపోదు. నడుస్తూ వెళ్తే ఎదురుగా గోడ వచ్చిందంటే అక్కడ ఏదో పెట్టే ఉంటారు. నీళ్ళ అడుగు, జలపాతం వెనక, మెట్ల కింద చీకటి మూల, పైన చెక్క వంతెన మీదికి దూకితే గానీ అందని అరుగు, ఇవన్నీ చూడండి. గది మధ్యలో నిలబడి నాలుగు వైపులా చూస్తే చాలదు, పైకి కూడా చూడాలి, మనం పైకి చూడం, అదే సమస్య. ఊళ్ళలో అయితే ఇంకో సంగతి, కొన్ని ఇళ్ళ గుమ్మాల పక్కన చిన్న చిన్న గీతల గుర్తులు చెక్కి ఉంటాయి. అవి దొంగల ముఠా పెట్టుకున్న గుర్తులు, ఈ ఇంట్లో సరుకుంది, ఈ ఇల్లు ఖాళీ, ఇక్కడ ప్రమాదం అని ఒక్కోదానికి ఒక్కో అర్థం, అవి వివరించే చిన్న పుస్తకం కూడా ఉంది. నేను వంద గంటలు ఆడాక గానీ వాటిని గమనించలేదు, ఏదో డిజైన్ అనుకున్నా.

కానీ ఊళ్ళో తెరిచేటప్పుడు పేరు ఎర్ర రంగులో వస్తే అది ఇంకొకరిది. ఎవరూ చూడకుండా తీసినా ఆ వస్తువు మీద దొంగసొత్తు అన్న ముద్ర ఉండిపోతుంది, మామూలు కొట్టువాడు కొనడు, దొంగసరుకు కొనేవాళ్ళకే అమ్మాలి, దొంగల ముఠాలో చేరితే టోనీలియా కొంటుంది. గోల్డ్‌కి మాత్రం ఆ ముద్ర పడదు. ఇంకా, దొంగిలించిన ఇనుముతోనో మూలికలతోనో ఏదైనా తయారు చేస్తే తయారైంది దొంగసొత్తు కాదు. ఎలా కుదిరిందో నన్నడక్కండి, కుదిరింది.

తాళాల గురించి జనం అనవసరంగా భయపడతారు. నోవిస్, అప్రెంటిస్, అడెప్ట్, ఎక్స్‌పర్ట్, మాస్టర్ అని అయిదు రకాలు, కానీ స్కిల్ తక్కువ ఉంది కదా అని మాస్టర్ తాళం ముట్టుకోనివ్వకపోవడం ఈ గేమ్‌లో లేదు. లెవెల్ 1లో కూడా ప్రయత్నించొచ్చు, లాక్‌పిక్‌లు (తాళం తీసే పుల్లలు) ఎక్కువ విరుగుతాయి అంతే, వాటికి బరువు లేదు కాబట్టి కనిపించినప్పుడల్లా ఏరుకుంటూ ఉంటే చాలు. తాళాన్ని ఒక్కసారిగా గట్టిగా తిప్పకండి, కొంచెం తిప్పి అది వణికిందనగానే వదిలేసి పిక్‌ని కాస్త జరిపి మళ్ళీ చూడాలి. విరిగినా స్కిల్ కొంచెం పెరుగుతుంది. అందుకే లాక్‌పికింగ్ పర్క్‌లకి (లెవెల్ పెరిగినప్పుడు కొనుక్కునే అదనపు శక్తులకి) పాయింట్లు పెట్టడం నా దృష్టిలో వేస్ట్, చేతికి అలవాటైతే చాలు. స్కెలెటన్ కీ అని విరగని పిక్ ఒకటి దొంగల ముఠా కథలో వస్తుంది, కథ చివర్లో తిరిగి ఇచ్చెయ్యాలి, నేను ఇవ్వకుండా ఆ క్వెస్ట్‌ని అలాగే వదిలేసి చాలా కాలం తిరిగా.

ఇంకొకటి, చెస్ట్ ముందు సేవ్ చేసి, తెరిచి, నచ్చకపోతే లోడ్ చేసి మళ్ళీ తెరిస్తే మారుతుందని చాలామంది అనుకుంటారు. మారదు, ఎందుకంటే అందులో ఏముందో మీరు ఆ చోటులోకి అడుగుపెట్టినప్పుడే తేలిపోయింది. సేవ్ చెయ్యాల్సింది గుహ బయట, తలుపు తెరవకముందు. అయినా ఒక కత్తి కోసం గుహ మొత్తం రెండుసార్లు ఆడేంత ఓపిక నాకైతే లేదు.

బరువు సంగతి. మొదట్లో 300 మొయ్యగలం, లెవెల్ పెరిగినప్పుడు స్టామినా (ఒంటి సత్తువ) ఎంచుకున్న ప్రతిసారీ ఇంకో 5. దాటితే పరుగు రాదు, ఫాస్ట్ ట్రావెల్ రాదు. నేను వస్తువు ధరని బరువుతో భాగించి చూస్తా, 10 కంటే తక్కువొస్తే అక్కడే వదిలేస్తా. ఇనప గ్రేట్‌స్వోర్డ్ బరువు 16, ధర 50, అంటే 3 చిల్లర, పనికిరాదు. డ్రాగన్ ఎముక బరువు 15 అని భయపడతాం గానీ ధర 500, అంటే 33. అదే మచ్చలేని వజ్రమైతే 1000 గోల్డు, బరువు 0.1. పీసీలో ఆడితే స్కైయూఐ అనే మాడ్ (ఆటగాళ్ళు గేమ్‌కి చేసి పెట్టిన చేర్పు) ఈ లెక్క అదే వేసి కాలమ్‌లో చూపిస్తుంది. డ్వెమర్ (గేమ్‌లో పూర్వం మాయమైన ఒక జాతి) శిథిలాల్లో లోహపు ముక్కలకి మాత్రం ఈ లెక్క పనిచెయ్యదు, అక్కడ కరిగిస్తే ఎన్ని కడ్డీలొస్తాయో చూడాలి: వంగిపోయిన చిన్న రేకు బరువు 2 కానీ 3 కడ్డీలొస్తాయి, పెద్ద ఘనమైన దిమ్మ బరువు 25, వచ్చేవి 5. మొదటిసారి నేను దిమ్మలే మోసుకొచ్చా, పెద్దవి కదా అని.

చివరగా, డాన్‌స్టార్ అనే ఊళ్ళో ఉండే చెస్ట్ గురించి ఎవరో ఒకరు చెప్తారు కాబట్టి నేనే చెప్పేస్తా. అక్కడ ఐరన్‌బ్రేకర్ గని ఎడమ పక్క, రాళ్ళూ చెట్ల దగ్గర నేల వైపు కర్సర్ పెట్టి మెల్లగా వెతికితే కంటికి కనపడని చెస్ట్ ఒకటి తగులుతుంది. అది ఖాజీత్ (పిల్లి రూపంలో ఉండే జాతి) వర్తకుల సరుకుపెట్టె, వాళ్ళ సరుకు మారినప్పుడల్లా నిండుతుంది, తీసుకున్నా దొంగతనం కాదు. నేను ఒక క్యారెక్టర్‌తో దాన్నే పట్టుకుని కూర్చున్నా, లెవెల్ 15కే డబ్బుకి లోటు లేదు, ఇంక ఏ గుహలోకీ వెళ్ళబుద్ధి కాలేదు, ఆ సేవ్ అక్కడే ఆగిపోయింది.