‘చేతన’ (1970) పాత ‘ఏ’ సర్టిఫికెట్ సినిమా కదా, అందులో అంత చూడాల్సింది ఏముంది?

రెహానా సుల్తాన్ ఉంది. నాకైతే అదొక్కటే చాలు.

అబిడ్స్‌లో ఆదివారం ఫుట్‌పాత్ మీద పాత పుస్తకాలు తిరగేస్తుంటే ఒక సినిమా పత్రికలో ఈ సినిమా ప్రకటన కనిపించింది. హీరోయిన్ కాళ్లే ప్రకటన నిండా ఉన్నాయి. ఆ బొమ్మే సినిమాకు చెడ్డపేరు తెచ్చింది. దాన్ని చూసి టికెట్ కొన్నవాళ్లూ, మొహం తిప్పుకున్నవాళ్లూ ఇద్దరూ అసలు విషయం గమనించలేదు.

బి.ఆర్. ఇషారా తీసిన ఈ హిందీ సినిమా కథలో సీమ (రెహానా) ఒక కాల్‌గర్ల్. బిడియస్తుడైన అనిల్ (అనిల్ ధవన్) ఆమెను పెళ్లాడతానంటాడు. అప్పటి హిందీ సినిమాల్లో అలాంటి పాత్ర అంటే కన్నీళ్లు, పశ్చాత్తాపం, త్యాగం. సీమ అలా కాదు. తన పని గురించి జీతం లెక్క చెప్పినంత మామూలుగా మాట్లాడుతుంది. రెహానా గొంతు పెంచదు, జాలి అడగదు. మన హైదరాబాదీ చెవికి ఆ ఉర్దూ పలుకు ఇంకా హాయిగా ఉంటుంది.

ఆమె పుణె ఫిల్మ్ ఇన్‌స్టిట్యూట్‌లో నటన నేర్చుకుంది. అదే ఏడాది వచ్చిన ‘దస్తక్’కు జాతీయ ఉత్తమ నటి అవార్డు అందుకుంది. అయినా తర్వాత ఎక్కువగా అదే తరహా వేషాలు వచ్చాయి. అంత నటిని ఒక పోస్టర్‌తో కొలిచారు, నాకు ఇప్పటికీ బాధే.

రెండో సగం కాస్త సాగుతుంది. ముకేశ్ పాడిన ‘మై తో హర్ మోడ్ పర్’ దగ్గర మాత్రం ఫోన్ పక్కన పెట్టి వినండి.