మూడు గళ్ళ నోటుబుక్కు

బుజ్జీ,

నిన్న రాత్రి పదిన్నరకి మీ అమ్మ ఫోన్ చేసింది. ఆ వేళప్పుడు ఫోన్ మోగితే నా వయసు వాళ్ళకి ముందు గుండె జారుతుంది. "అక్కా, ఇది ఉద్యోగం మానేస్తుందట. సింహాల కథల మీద పీహెచ్‌డీ చేయడానికి ఇంగ్లండ్ పోతుందట. అంతా నీ వల్లే" అంది. నా వల్లే అన్నందుకు సిగ్గుపడాల్సింది పోయి, లేచి లైటేసుకుని నవ్వుకున్నాను. ముప్పై మూడేళ్ళు క్లాసుల్లో గొంతు చించుకుంటే ఒక్కళ్ళూ అటు తొంగిచూడలేదు, ఇప్పుడు మన ఇంటి పిల్లే పోతోంది. తెల్లారేసరికి మాత్రం భయం పట్టుకుంది. అందుకే ఈ ఉత్తరం.

చిన్న సంగతులు ముందు చెప్పేస్తాను. ఇన్‌హేలర్లు డాక్టరు చీటీతో సహా సర్దుకో, అక్కడి తేమ నీ ఊపిరికి పడదు. స్కాలర్‌షిప్ కాగితం చేతికొచ్చాకే రాజీనామా ఇవ్వు. సి.ఎస్. లూయిస్ పిల్లల కోసం రాసిన నార్నియా పుస్తకాలు ఏడూ అచ్చయిన వరసలోనే, 1950 నుంచి 1956 దాకా, మళ్ళీ ఒకసారి చదువు. ఇప్పుడు అట్టల మీద వేస్తున్న నంబర్ల వరస నాకు నచ్చదు. పనంతా ఆక్స్‌ఫర్డ్‌లోనే అయిపోతుందనుకోకు. లూయిస్ స్నేహితుడు టోల్కీన్ రాసిన ‘లార్డ్ ఆఫ్ ద రింగ్స్’ రాతప్రతుల్ని 1957లో అమెరికాలోని మార్కెట్ యూనివర్సిటీ కొనుక్కుంది (అంగడి కాదమ్మా, ఒక జెసూట్ ఫాదర్ పేరు). కథలో పిల్లలు బీరువాలోంచి నార్నియాకి పోతారే, అలాంటిదే లూయిస్ వాళ్ళ తాత చెక్కిన చెక్క బీరువా ఇల్లినాయ్‌లో వీటన్ కాలేజీలో ఉంది. ప్రయాణ ఖర్చులు అప్లికేషన్‌లో ఇప్పుడే రాయి, తర్వాత అడిగితే ఎవరూ ఇవ్వరు. మంత్రగత్తెల కథల మీద చదువేంటని పాస్టరు గారు అడిగితే నా దగ్గరికి పంపు, ఆయన సంగతి నేను చూసుకుంటాను.

అన్నట్టు, మొన్న నువ్వు స్టేటస్‌లో పెట్టిన లూయిస్ సూక్తి ఏ పుస్తకంలో ఉందో చెప్పు. పేజీ చెప్పలేవు కదూ? ఆయన పేరు మీద వాట్సాప్‌లో తిరిగే మాటల్లో ఆయన అననివి బోలెడు. పరిశోధన చేస్తానన్న పిల్ల చేసే పనేనా అది?

ఇక అసలు సంగతి. మా అమ్మ 1975లో పోయింది. నాకు పందొమ్మిది, మీ అమ్మకి తొమ్మిది. మరుసటి వేసవికి హాస్టల్ నుంచి ఇంటికొస్తూ, మా దొరసానమ్మ తన దేశం వెళ్ళిపోతూ వదిలేసిన పెట్టెలోంచి ‘మెజీషియన్స్ నెఫ్యూ’ అనే నార్నియా పుస్తకం తెచ్చాను. రాత్రిళ్ళు డాబా మీద నవారు మంచం వేసుకుని, మీ అమ్మని పక్కన పడుకోబెట్టుకుని, టార్చిలైటు వెలుగులో ఇంగ్లీషు చూస్తూ తెలుగులో చెప్పేదాన్ని. అందులో డిగరీ అనే కుర్రాడి తల్లి మంచాన పడి ఉంటుంది. వాడు ఇంకో లోకంలోకి పోయి, ఆ లోకాన్ని పాడి పుట్టించిన సింహాన్ని అడుగుతాడు, మా అమ్మకి నయమయ్యేది ఏదైనా ఇవ్వవా అని. అప్పటిదాకా వాడు సింహం పంజాల్నే చూస్తున్నాడు, తలెత్తే ధైర్యం లేదు. చివరికి తలెత్తితే, సింహం మొహం తన మొహం దగ్గరికే వంగి ఉంది. దాని కళ్ళ నిండా నీళ్ళు. వాళ్ళ అమ్మ గురించి వాడికన్నా దానికే ఎక్కువ దుఃఖంగా ఉందేమో అనిపించేంత పెద్ద కన్నీటి బొట్లు.

మీ అమ్మ నా మోచెయ్యి గట్టిగా పట్టేసుకుంది. అప్పుడైనా నేను నోరు మూసుకోవచ్చుగా? టార్చి ఆర్పి, ఆదివారపు గొంతు పెట్టి, "ఈ సింహం ఎవరో తెలుసా? యేసుప్రభువే. లాజరు సమాధి దగ్గర ‘యేసు కన్నీళ్లు విడిచెను’ అని ఉంది చూడు, యోహాను పదకొండు, ముప్పై అయిదు" అన్నాను. నా చెయ్యి వదిలేసింది. కాసేపాగి, "ఓహో, ఇది కూడా సండే స్కూలేనా" అని అటు తిరిగి పడుకుంది.

కథలో ఆ తల్లికి నయం చేసే యాపిల్ పండు దాకా మీ అమ్మ రానే లేదు. మర్నాడు పిలిస్తే నిద్రొస్తోందంది, ఆ మర్నాడూ అదే మాట. ఇవాళ్టి వరకూ ఆ పుస్తకం ముట్టలేదు. నిన్న ఫోన్‌లో "సింహాల కథలు" అన్నప్పుడు ఆ గొంతు నాకు బాగా తెలిసిన గొంతే.

నేను చెప్పినదాంట్లో తప్పు లేదు, అదే నన్ను తినేస్తుంది. లూయిస్ 1956లో ఒక వ్యాసం రాశాడు. క్రీస్తు శ్రమల గురించి ఫలానా విధంగా బాధపడాలని చిన్నప్పుడు చెప్పడం వల్లే ఆ బాధ కలిగేది కాదట. పెద్దవాళ్ళు గొంతు తగ్గించి మాట్లాడుతుంటే అదేదో జబ్బు సంగతిలా ఉండేదట. అదే విషయాన్ని సండే స్కూలు వాసన లేని ఊహాలోకంలో పెడితే, మనసు గుమ్మంలో కాపలా ఉండే డ్రాగన్ల కళ్ళుగప్పి లోపలికి పోదా అనుకున్నాడు. నేనేమో ఆ డ్రాగన్‌ని చెయ్యి పట్టి తీసుకొచ్చి మంచం మీద కూర్చోబెట్టాను. లూయిస్ తల్లి 1908లో పోయింది, అతనికీ తొమ్మిదేళ్ళే, మీ అమ్మ వయసే. అమ్మకి బాగవ్వాలని అతను ప్రార్థన చేశాడు, బాగవలేదు. నలభై ఏడేళ్ళ తర్వాత కథలో డిగరీ చేతిలో యాపిల్ పండు పెట్టాడు. దీనికి ఏ వచనం రాస్తావు పక్కన?

అంత జరిగినా బుద్ధి రాలేదు నాకు. ఎం.ఫిల్‌కి ఒక నోటుబుక్కు నిండా నిలువు గీతలు కొట్టి మూడు గళ్ళు చేశాను: కథలో మనిషి, బైబిల్లో మనిషి, వచనం. ‘లార్డ్ ఆఫ్ ద రింగ్స్’లో దుష్ట ఉంగరాన్ని అగ్నిపర్వతంలో పడేయడానికి మోసుకుపోయే ఫ్రోడో ఎదురుగా క్రీస్తు అని ఎర్ర ఇంకుతో రాసుకున్నాను. వైవాకి వచ్చిన పెద్దాయన అంతా విని, "ఫ్రోడో క్రీస్తయితే, చివర అగ్నిపర్వతంలో ఏం చేశాడమ్మా?" అన్నాడు. ఏం చేశాడు? ఉంగరం నాదేనన్నాడు, వేలికి పెట్టేసుకున్నాడు. ఓడిపోయాడు బుజ్జీ! ఆ ఉంగరం కోసం వెంటపడ్డ గోలమ్ అతని వేలు కొరికి, ఉంగరంతో సహా గుండంలో పడబట్టి లోకం బతికింది. ఆ గోలమ్ అప్పటిదాకా ప్రాణాలతో ఉన్నాడంటే, అంతకుముందు వాడి మీద ఒకరి తర్వాత ఒకరు జాలిపడి వదిలేయడం వల్లే. టోల్కీన్ ఈ ఘట్టం గురించి ఉత్తరాల్లో రాస్తూ ప్రభువు ప్రార్థనని గుర్తుచేశాడు. "మమ్మును శోధనలోకి తేక దుష్టునినుండి మమ్మును తప్పించుము" అని రోజూ రెండు పూటలా చెప్పే నేను, గళ్ళు నింపే హడావుడిలో అది చూడనే లేదు.

టోల్కీన్ 1953లో ఒక ఫాదర్‌కి రాస్తూ ‘లార్డ్ ఆఫ్ ద రింగ్స్’ ప్రాథమికంగా మతపరమైన, కాథలిక్ రచన అన్నాడు. రెండో కూర్పు ముందుమాటలో అన్యాపదేశ కథలంటే, అంటే ఒకటి చెప్తూ ఇంకోదాన్ని సూచించేవంటే, తనకి గిట్టదనీ అన్నాడు. రెండూ నిజమే. ఉంగరం కరిగిపోయింది మార్చి 25న. ఆ రోజు గబ్రియేలు మరియకి వర్తమానం చెప్పిన పండగ. ఆ సంగతి కథలో ఎక్కడా చెప్పడు. ముగ్గు వేశాక కింద చుక్క కనిపిస్తుందా? అలాగన్నమాట.

నా రెండో భయం నీ నోటి గురించి. బీటెక్ పిల్లవి, వాదనలో గెలిచేదాకా అన్నం తినవు. లూయిస్‌దీ అదే జబ్బు. 1948 ఫిబ్రవరిలో ఆక్స్‌ఫర్డ్ సోక్రటిక్ క్లబ్బులో ఎలిజబెత్ ఆన్‌స్కూమ్ అనే తత్వశాస్త్రం అమ్మాయి, ఇంకా ముప్పై కూడా నిండలేదు, ఆయన ‘మిరకిల్స్’ పుస్తకంలో మూడో అధ్యాయాన్ని నిలబెట్టి కడిగేసింది. ఆవిడా నిఖార్సైన కాథలిక్కే. విశ్వాసాన్ని కాదు, ఆ వాదనలో బొక్కని చూపించింది. ఆయన 1960లో ఆ అధ్యాయాన్ని తిరగరాశాడు. నీకూ ఎవరో ఒకరు అలా తగులుతారు. ఏడవాలనిపిస్తే గదికి పోయి ఏడు, తర్వాత అధ్యాయం తిరగరాయి.

తర్కం సత్యాన్ని పట్టుకునే అవయవం, ఊహ అర్థాన్ని పట్టుకునే అవయవం అని ఆయనే ఇంకో చోట అన్నాడు. ‘సిల్వర్ చెయిర్’ అనే నార్నియా కథలో మంత్రగత్తె సూర్యుడే లేడని మత్తుగా వాదించి అందర్నీ ఒప్పించేస్తుంటే, పిల్లలకి తోడుగా వచ్చిన పడల్‌గ్లమ్ వట్టి పాదంతో మంట తొక్కేస్తాడు. కాలిన వాసనకి అందరి మత్తూ దిగుతుంది. ఆ నొప్పికే వాడి బుర్ర తేటపడుతుంది. లూయిస్ వాదనల పుస్తకాలన్నీ ఒక ఎత్తు, నాకా కాలిన పాదం ఒక ఎత్తు. అది దేవుడున్నాడనడానికి రుజువని థీసిస్‌లో రాశావో, విమానం ఎక్కి వచ్చి మరీ తంతాను.

ఆక్స్‌ఫర్డ్‌లో మాగ్డలెన్ కాలేజీలో ఆడిసన్స్ వాక్ అనే బాట ఉంది. 1931 సెప్టెంబరు 19 రాత్రి టోల్కీన్, వాళ్ళ స్నేహితుడు డైసన్, లూయిస్ అక్కడ తిరుగుతూ పురాణకథలు అబద్ధాలా కాదా అని మాట్లాడుకున్నారు. గాలి ఒక్కసారిగా లేచి ఆకులు టపటపా రాలితే వానేమో అనుకున్నారట. మూడింటికి టోల్కీన్ ఇంటికెళ్ళాడు. లూయిస్ క్రీస్తుని నమ్మింది మాత్రం ఆ రాత్రి కాదు, కొన్నాళ్ళకి, అన్నగారి మోటార్‌సైకిల్ సైడ్‌కార్‌లో కూర్చుని జూకి పోతూ. నేను చూడని ఆ బాట మీద ఒకసారి నడువు. ఫోటో పంపకు, సాయంత్రం గాలి ఎలా ఉందో రాయి చాలు.

వచ్చే ఆదివారం వస్తావుగా. ట్రంకు పెట్టె తాళం దేవుడి పటం వెనక ఉంటుంది. మూడు గళ్ళ నోటుబుక్కు కావాలంటే తీసుకో, వెనక కాగితాలు ఇంకా ఖాళీగానే ఉన్నాయి. దాని కింద దొరసానమ్మ పుస్తకం ఉంటుంది. అది ఇంగ్లండ్ తీసుకుపోకు. వెళ్ళేముందు మీ అమ్మ మంచం పక్కన పెట్టి ఊరుకో, ఏమీ చెప్పకు. పన్నెండో అధ్యాయం దగ్గర ఆ రాత్రి నేను పెట్టిన బస్సు టిక్కెట్టు అలాగే ఉంది. తియ్యకు.

నీ పెద్దమ్మ