నాలీవుడ్‌లో చెప్పుకోదగ్గ కెమెరామన్ ఉన్నారా? టుండే కెలానీ ఉన్నారు

"నాలీవుడ్ (నైజీరియా సినిమా పరిశ్రమ) అంటే హడావుడిగా చుట్టేసిన వీడియో సినిమాలే కదా, అందులో చెప్పుకోదగ్గ కెమెరామన్ ఒక్కరైనా ఉన్నారా?" అని అడిగారు. ఉన్నారు, టుండే కెలానీ. నేను లేగోస్‌లో ఉద్యోగం చేసే రోజుల్లో ఆయన సినిమాలు చూశాను. పశ్చిమ ఆఫ్రికాలో అంతటి కన్నున్న మనిషి ఇంకొకరు లేరని గట్టిగా చెబుతాను.

1948లో లేగోస్‌లో పుట్టి, అబెయొకుటాలో తాతగారింట పెరిగారు. ఫొటోగ్రఫీ నేర్చుకుని, ఇబాడాన్‌లో టీవీ కెమెరామన్‌గా చేసి, ఆ తర్వాత లండన్ ఫిల్మ్ స్కూల్లో చదివారు. నైరుతి నైజీరియాలో యోరుబా భాషలో నాటకాలాడే సమాజాల వాళ్లు సినిమాల్లోకి దిగినప్పుడు 'టాక్సీ డ్రైవర్', 'ఇవా' లాంటి వాటికి కెమెరా పట్టింది ఈయనే. ఇంతలో నైజీరియా కరెన్సీ నైరా విలువ పడిపోయింది. ఫిల్ము కొనాలన్నా, కడిగించడానికి విదేశాలకు పంపాలన్నా తలకు మించిన ఖర్చు. అప్పుడాయన వీడియోకి మారి, మెయిన్‌ఫ్రేమ్ అనే సొంత సంస్థ పెట్టి, 1993లో 'టి ఒలువా ని ఇలె' తీశారు. నాకు ఆయన మీద గౌరవం కలిగింది ఇక్కడే. మన దగ్గర మంచి కెమెరా దొరకలేదని సినిమానే వాయిదా వేసుకునే కుర్రాళ్లను ఎందరినో చూశాను.

'సవొరొయిదె' (1999) చూసిన రాత్రి చెబుతాను. మా కంపెనీ క్వార్టర్స్‌లో ఎప్పటిలాగే కరెంటు పోయింది. పెరట్లో జనరేటర్ హోరు. సీడీ తెచ్చింది మా డ్రైవరే, ఆయనదీ అబెయొకుటానే. కథ జొగ్బొ అనే ఊరిది. రాజుకీ ప్రజలకీ మధ్య ఒప్పందానికి గుర్తు అంచు చుట్టూ ఇత్తడి గంటలున్న ఒక డోలు. ఆ కట్టుబాటుకు లోబడనివాడు కిరీటం పెట్టుకుని ఉండగా డోలు మోగిందా, తలనొప్పితో చావాల్సిందే. సైనిక పాలన ముగిసిన ఏడాదే వచ్చిన సినిమా, ఎవరి గురించో అక్కడ ఎవరికీ చెప్పక్కర్లేదు.

డోలు మోగిన ప్రతిసారీ డ్రైవర్ పెదాలు కదిలేవి. "ఏమంటున్నావ్?" అని అడిగాను. "నేను కాదు ఓగా, డోలు అంటోంది" అన్నాడు. ఓగా అంటే అక్కడ 'సార్' అన్నమాట. యోరుబాలో స్వరం మారితే అర్థం మారుతుంది, ఆ స్వరాలనే డోలు పలుకుతుంది. దాంతో నేను సబ్‌టైటిల్స్ వదిలేసి బొమ్మ చూడటం మొదలుపెట్టాను. వంకర కర్ర దెబ్బ, గలగలమనే గంటలు, వింటున్నవాళ్ల ముఖాలు. భాష రాని నాకు కూడా ఎవరు బెదిరిస్తున్నారో, ఎవరు బెదురుతున్నారో తెలిసిపోయింది. ఖరీదైన లెన్సులుంటే వచ్చే విద్య కాదిది. డోలు మాట వింటూ పెరిగినవాడికే వస్తుంది.

ఇంత చేసినా ప్రపంచ సినిమా పుస్తకాల్లో ఆయన పేరు వెతుక్కోవాలి. సెనెగల్, బుర్కినా ఫాసో దర్శకులకు ఫ్రాన్స్ ప్రభుత్వం డబ్బులిచ్చింది, ఫెస్టివల్ దారులు తెరుచుకున్నాయి. నైజీరియావాళ్లకు ఆ అండ లేదు. సొంత డబ్బుతో తీస్తే పైరసీవాళ్లు మింగేశారు. మన సమీక్షకులు మాత్రం తక్కువ తిన్నారా? రెండు పేజీలు కథ చెప్పి, చివర్లో "ఛాయాగ్రహణం కనువిందుగా ఉంది" అని ఒక్క ముక్క రాసి చేతులు దులుపుకుంటారు. ఏ వెలుగులో తీశాడు, ఎవరి ముఖం మీద ఎందుకు ఆగాడు, ఒక్కరూ రాయరు. మనవాళ్ల గురించే రాయనివాళ్లు కెలానీ గురించి ఏం రాస్తారు!

చూడాలనుకుంటే 'సవొరొయిదె'తో మొదలుపెట్టి 'అరుగ్బా' (2008) చూడండి. తర్వాత 'అయిన్లా' (2021). 1980లో అబెయొకుటా బార్‌లో జరిగిన గొడవలో చనిపోయిన అపాలా (ఒక యోరుబా సంగీత శైలి) గాయకుడు అయిన్లా ఒమొవురా కథ అది. దానికి దర్శకత్వం వహించేనాటికి కెలానీకి డెబ్బై దాటాయి. ఇంగ్లీషు సబ్‌టైటిల్స్ ఉంటాయి, యోరుబాలోనే చూడండి.