పరువు పోయిన సెలబ్రిటీని మీడియా మళ్లీ నిలబెట్టగలదా?

కొంతవరకే. మీడియా క్షమించదు, మాట మారుస్తుంది, అంతే.

ఆస్ట్రేలియా క్రికెటర్ డేవిడ్ వార్నర్‌నే చూడండి. 2018 మార్చిలో కేప్‌టౌన్ టెస్టులో బంతికి గరుకు కాగితం రుద్దిన గొడవలో ఏడాది నిషేధం పడింది, ఐపీఎల్‌లో సన్‌రైజర్స్ హైదరాబాద్ కెప్టెన్సీ పోయింది, సిడ్నీలో కెమెరాల ముందు ఏడ్చాడు, అయినా ఎవరూ కరగలేదు. 2019 ఐపీఎల్‌లో 692 పరుగులు కొట్టాకే వార్తల స్వరం మారింది. ఇక 2020 లాక్‌డౌన్‌లో ఇంటిల్లిపాదితో తెలుగు పాటలకు టిక్‌టాక్ స్టెప్పులేశాడు చూడండి, ఒడిశాలోని మా పర్లాకిమిడిలో పిల్లలకి ఇప్పటికీ ఆ డ్యాన్సులే తెలుసు, గరుకు కాగితం సంగతి తెలీదు.

మా ఇంట్లో ఒడియా, తెలుగు చానెళ్లు రెండూ నడుస్తాయి. తెలుగు హీరో ఎవరైనా గొడవలో పడితే తెలుగు చానెళ్లలో మూడ్రోజులు అదే రచ్చ, ఒడియా చానెల్లో కింద స్క్రోలింగులో ఒక లైను (అదీ ఉంటే). మనిషి చూసేవాళ్లకి ఎంత దగ్గరివాడైతే మంట అంత ఎక్కువ, మళ్లీ దగ్గరకు తీసుకునేదీ వాళ్లే.

భారత మాజీ కెప్టెన్ అజారుద్దీన్ దారి వేరు. మ్యాచ్ ఫిక్సింగ్ ఆరోపణలపై 2000లో బీసీసీఐ జీవితకాల నిషేధం వేసింది, 2009లో మొరాదాబాద్ ఓటర్లు ఎంపీని చేశారు, ఆ నిషేధం చెల్లదని హైకోర్టు చెప్పింది 2012లో. అంటే కోర్టు కంటే ముందు ఓట్లే పడ్డాయి.

మీడియా చల్లబడితే వ్యవస్థలు కూడా చల్లబడతాయనుకోకండి. ఆ గరుకు కాగితం గొడవలోనే ఆస్ట్రేలియాలో వార్నర్ కెప్టెన్సీపై పడిన జీవితకాల నిషేధం ఎత్తేసింది 2024 అక్టోబర్లో, అప్పటికి ఆయన అంతర్జాతీయ క్రికెట్‌కే రిటైరయ్యాడు.