క్యాన్సర్ నొప్పికి గంజాయి నూనె చట్టప్రకారం కొనవచ్చా?

కీమో తర్వాత మీ అమ్మగారు అన్నం ముట్టడం లేదని, రాత్రంతా నొప్పితో మూలుగుతున్నారని రాశారు. మూడేళ్ల కిందట మా నాన్నకు క్లోమ గ్రంథి క్యాన్సర్ వచ్చినప్పుడు నేనూ ఈ నూనె కోసమే తిరిగాను.

కొనవచ్చు, ఒక్క దారిలో. 1985 నాటి మాదకద్రవ్యాల చట్టం ఆ మొక్కలో పూత, కాయ ఉన్న కొసలనే గంజాయి అంటుంది. కొసలు కలవని ఆకు, గింజ ఆ లెక్కలోకి రావు. ఆయుర్వేదంలో విజయ అని పిలిచే ఆ ఆకుతో లైసెన్సు ఉన్న సంస్థలు చేసే మందులు వైద్యుడి చీటీ మీద దొరుకుతాయి. మేమూ అలాగే తెచ్చాం. అయినా అమ్మ ఆ చిన్న సీసాను బియ్యం డబ్బా వెనక దాచింది, ఎవరైనా పోలీసులకు చెబుతారేమోనని. భర్త మందును దొంగసొత్తులా దాచుకోవలసి రావడం చూసి నా కడుపు తరుక్కుపోయింది. అమెరికాలో కీమో వాంతులకు డ్రొనాబినోల్‌ను, అంటే గంజాయిలోని టీహెచ్‌సీని ప్రయోగశాలలో తయారు చేసిన మందును, అనుమతించింది కూడా 1985లోనే!

నూనెతో నాన్నకు కాస్త నిద్ర పట్టింది, అంతే. నొప్పి తగ్గించింది మార్ఫిన్, నల్లమందు నుంచి తీసే మందు. దాన్ని కూడా ఈ చట్టమే కట్టిపడేసింది. లెక్కలేనన్ని అనుమతులకు భయపడి ఆసుపత్రులు తెప్పించడమే మానేశాయి. 2014 సవరణతో ఆ ముడులు సడలాయి, వైద్యుల్లో భయం మాత్రం పోలేదు. మేము మొదట చూపించిన చోట, "అలవాటు పడిపోతారు" అని రాయనన్నారు. ఇక నెలలే అని చెప్పిన మనిషికి అలవాటు గురించి ఎందుకండీ భయం? చివరికి హైదరాబాద్ ఎం.ఎన్.జె. క్యాన్సర్ ఆసుపత్రిలో ఉపశమన చికిత్స విభాగానికి వెళ్లాం. నాలుగు గంటలకోసారి 10 మిల్లీగ్రాముల మాత్ర ఇచ్చారు. మూడో రోజు నాన్న తనంతట తానే పక్కకు ఒత్తిగిలి పెరుగన్నం అడిగారు.

కాబట్టి ముందు మార్ఫిన్ గురించి అడగండి. దానితో మలబద్ధకం తప్పదు, విరేచనం సాఫీగా అయ్యే మందు మొదటి రోజు నుంచే రాయించుకోండి. విజయ నూనె వాడదలిస్తే క్యాన్సర్ వైద్యుడికి చెప్పి వాడండి, రెండూ మత్తునిచ్చేవే. చీటీ అడగకుండా అమ్మేవారి దగ్గర మాత్రం కొనవద్దు. అందులో పూత కలిసిందో లేదో మీరు తేల్చుకోలేరు, కేసు మీ మీద పడుతుంది.

మీది ఏ ఊరో రాయండి. దగ్గరలో మార్ఫిన్ ఇచ్చే చోటు వెతకడానికి సాయం చేస్తాను.