ఆ 98 రోజులు ఏమయ్యాయమ్మా?

శ్రీకాకుళం,
జూన్, ఆదివారం

అమ్మాయికి ఆశీస్సులు.

సముద్రం మీదా ఆకాశంలోనూ మనుషులు చేసిన యాత్రల మీద నువ్వు రాసిన పుస్తకం రాతప్రతి అందింది. రెండు రాత్రులు కూర్చుని మొత్తం చదివాను. వాక్యం బాగుంది, అచ్చుతప్పులు లేవు. మెచ్చుకోవలసినవి ఇంకా ఉన్నాయి గానీ 47వ పేజీలో ఒక వాక్యం నన్ను పట్టుకుని వదలడం లేదు. ముందు దాని సంగతి తేల్చుకోవాలి.

"ఎన్నో కష్టాలకోర్చి, 98 రోజుల తర్వాత మాజెలాన్ బృందం గువామ్ దీవికి చేరుకుంది."

ఇంతేనా అమ్మా? 1520 నవంబరు 28న దక్షిణ అమెరికా కొసన ఉన్న జలసంధి దాటి పసిఫిక్‌లోకి వచ్చారు. 1521 మార్చి 6న గువామ్ చేరారు. రెండు తేదీలూ సరిగ్గానే రాశావు. ఆ రెండింటి మధ్య 98 సార్లు తెల్లారింది, 98 సార్లు పొద్దుగూకింది. నువ్వు ఒక్క అంగలో దాటేశావు. స్పెయిన్ రాజు దర్బారుకి ఆరు పేజీలు ఇచ్చావు, ఫిలిప్పీన్స్‌లో మాజెలాన్ చనిపోయిన మక్తాన్ పోరాటానికి తొమ్మిది పేజీలు ఇచ్చావు. సముద్రానికి ఒక్క వాక్యం. పుస్తకమేమో యాత్రల మీద.

ఆ ఓడలో పిగఫెట్టా అనే ఇటలీవాడు ఉన్నాడని నువ్వే రాశావు. అతను ఏం తిన్నారో, ఏం తాగారో రాసిపెట్టాడు. మూడు నెలల ఇరవై రోజులు తాజా తిండి అన్నది లేదు. బిస్కట్లు పొడైపోయాయి. పొడి కూడా కాదు, పురుగులు తినగా మిగిలిన తుక్కు. దానికి ఎలక ఉచ్చ కంపు. నీళ్లు పచ్చబడి కుళ్లిపోయాయి. తెరచాప కట్టే పెద్ద అడ్డదూలానికి తాళ్లు ఒరుసుకుపోకుండా ఎద్దుతోలు చుట్టి ఉంటుంది. ఎండకీ వానకీ గాలికీ అది చెక్కలా బిగుసుకుపోయింది. దాన్ని విప్పి, నాలుగైదు రోజులు సముద్రంలో నానబెట్టి, నిప్పుల మీద కాసేపు కాల్చి తిన్నారు. రంపపు పొట్టు తిన్నారు. ఎలక ఒక్కోటి అర డకెట్ పలికింది. డకెట్ అంటే బంగారు నాణెం. చిగుళ్లు వాచి పళ్లని కప్పేశాయి, ఇక తినడానికి నోరు రాలేదు. 19 మంది పోయారు.

తోలు నాలుగు రోజులు నానబెట్టడం అంటే ఏమిటో ఒకసారి ఊహించు. కడుపు కాలిపోతున్నవాడు ఆ తోలుని తాడుకి కట్టి నీళ్లలోకి వదలాలి. ఇవాళ తినలేడు, రేపూ తినలేడు. తాడు తెగుతుందేమో అని భయం. రాత్రి పక్కవాడు కోసుకుపోతాడేమో అని భయం. మూడో రోజు పైకి లాగి గోరుతో నొక్కి చూసి, ఇంకా మెత్తబడలేదని మళ్లీ వదలాలి. ఇది పిగఫెట్టా రాయలేదు, నేను ఊహిస్తున్నాను. కానీ తోలు ఉంది, రోజుల లెక్క ఉంది. ఆ రెండూ చేతిలో ఉన్నాక నువ్వు "ఎన్నో కష్టాలకోర్చి" అని ఎలా రాయగలిగావు?

ఇంకో మాట. జలసంధిలో సాన్ ఆంటోనియో ఓడ వెనక్కి తిరిగి స్పెయిన్ పారిపోయిందని రాశావు, ద్రోహం గురించి ఒక పేరా ఆవేశపడ్డావు. అది మాజెలాన్ వెంట బయల్దేరిన ఐదు ఓడల్లోకీ పెద్దదనీ, తిండి సామాను చాలావరకు దాని కడుపులోనే ఉందనీ రాయలేదు. ఆ ఒక్కటీ రాసి ఉంటే పసిఫిక్‌లో ఎలక ధర ఎందుకు అంత పెరిగిందో చదివేవాడికి తెలిసేది.

ఆ "ఎన్నో కష్టాలకోర్చి" అన్న మాట మీద నాకు ఇంత మంట ఎందుకో చెబుతాను.

మా తాత రంగం, అంటే బర్మా, వెళ్లినవాడు. మన జిల్లాల్లో ఆ రోజుల్లో రంగం పోయినవాళ్లు ఊరూరా ఉండేవారు. 1941 డిసెంబరులో జపాన్ వాళ్లు రంగూన్ మీద బాంబులు వేశాక, ఓడలో చోటు దొరకని వేలమంది కాలినడకన బయల్దేరారు. మా తాత కూడా అలాగే అరకాన్ కొండలు దాటి వచ్చాడు. "ఎలా వచ్చావు తాతా?" అంటే "వచ్చేన్రా" అనేవాడు, అంతే. కానీ ఆయన దగ్గర ఒక ఇత్తడి చెంబు ఉండేది. ఒక పక్క నొక్కుకుపోయి, మెడ చుట్టూ తాడు ఒరుసుకున్న గీతతో ఉండేది. పోయేవరకు ప్రతి రాత్రీ దాన్ని నిండా నీళ్లతో నింపి, పైన గుడ్డ వేసి, తలవైపు పెట్టుకుని పడుకునేవాడు. అర్ధరాత్రి లేచి గుడ్డ తీసి, నీళ్లలో వేలు ముంచి చూసుకునేవాడు. తాగేవాడు కాదు. నీళ్లున్నాయని తెలిస్తే చాలు, మళ్లీ పడుకునేవాడు.

పాతికేళ్ల వయసులో నేను ఆ చెంబు మీద కథ రాశాను. పన్నెండు పేజీలు. అందులో ఏడు పేజీలు నడకే. ఆయన నిద్రలో కలవరించేది నానమ్మ విని దాచుకుంది. ఆవిడ దగ్గర కూర్చుని ముక్కముక్కగా పోగుచేసుకున్నాను. ఒక వారపత్రికకు పంపితే మూడుసార్లు తిరిగొచ్చింది. తిరుగు స్టాంపులకు ట్యూషన్లు చెప్పుకున్న డబ్బులు పోయాయి. నాలుగోసారి వేశారు. బస్టాండు దగ్గర పుస్తకాల కొట్లో పత్రిక కొని, అక్కడే నిలబడి తిప్పాను. ఏడు పేజీలు ఉండాల్సిన చోట "ఎన్నో కష్టాలకోర్చి ఇల్లు చేరాడు" అని నాలుగు మాటలున్నాయి. చివర నేను రాయని కొసమెరుపు ఒకటి తగిలించారు, చెంబులో బంగారు కాసు దొరికినట్టు.

ఇంటికెళ్లి తాతకి చదివి వినిపించాను. అంతా విన్నాడు. "నడిసిందేదిరా?" అన్నాడు. గోడవైపు తిరిగి పడుకున్నాడు.

సంపాదకుడికి ఉత్తరం రాస్తే కార్డు ముక్క మీద జవాబొచ్చింది. నడక చదవడానికి పాఠకుడికి బోరు కొడుతుందట. యాభై ఏళ్లయింది. ఆ మాట నేను అప్పుడూ ఒప్పుకోలేదు, ఇప్పుడూ ఒప్పుకోను. నడకని చదివించలేకపోతే అది రాసినవాడి చేతకానితనం, నడక తప్పు కాదు. ఆ తర్వాత ఎన్ని పోటీలు, ఎందరు న్యాయనిర్ణేతలు! కొసమెరుపు ఉందా లేదా అనే చూశారు. ఇప్పుడు కొసమెరుపు పోయి విజయసూత్రాలు వచ్చాయి. నీ పుస్తకంలో కూడా ప్రతి అధ్యాయం చివర గళ్ల పెట్టె కట్టి "ఈ యాత్ర నుంచి మనం నేర్చుకోవలసినవి" అని మూడేసి చొప్పున రాశావు. ఎవరు చెప్పారు నీకు అలా రాయమని? ఆ పెట్టెలన్నీ కొట్టెయ్యి. ఒక్కటి కూడా ఉంచకు.

వాస్కో డ గామా అధ్యాయం చూడు. ఆఫ్రికా తీరంలోని మలింది నుంచి కాలికట్ తీరానికి 23 రోజుల్లో వచ్చాడని రాశావు. అక్కడ ఎక్కించుకున్న నావికుడికి గాలి కాలం తెలుసు కాబట్టి అంత త్వరగా వచ్చారు. తిరుగు ప్రయాణం గురించి "1499లో స్వదేశం చేరాడు" అని మాత్రం రాశావు. ఈశాన్య గాలి నిలదొక్కుకోకముందే, అక్టోబరు మొదట్లో గోవాకి దిగువన ఉన్న అంజదీవ్ నుంచి బయల్దేరి, అదే సముద్రం దాటడానికి మూడు నెలలు పట్టింది. గాలి లేక ఓడలు నిలబడిపోయాయి. మళ్లీ అవే చిగుళ్లు, అవే చావులు. ఒక్కో ఓడకి పని చేయగలిగినవాళ్లు ఏడెనిమిది మందే మిగిలారు. ఓడలు నడపడానికి చేతులు చాలక సావో రాఫేల్ అనే ఓడని వాళ్లే తగలబెట్టుకున్నారు. మన తీరంలో పుట్టినదానివి, గాలి కాలం అంటే ఏమిటో నీకు ఒకరు చెప్పాలా?

కెప్టెన్ కుక్ అధ్యాయంలో వీనస్ గ్రహం సూర్యుడి మీదుగా దాటడం, తాహితీలో 1769 జూన్ 3న దాన్ని చూడడం బాగా రాశావు. దాని పక్కన, ఆ చిగుళ్ల జబ్బు రాకుండా ఓడలో ఎక్కించిన పులిసిన క్యాబేజీ గురించి కూడా రాయాలి. నావికులకు ఆ పుల్లటి క్యాబేజీ నచ్చలేదు. కుక్ కొరడా తీయలేదు. రోజూ అధికారుల బల్ల మీద వడ్డించమన్నాడు, మిగతావాళ్లు తింటే తినండి లేకపోతే లేదు అన్నాడు. దొరలు తింటున్నారని తెలిశాక అందరూ ఎగబడ్డారు. మనిషిని అంతకంటే దగ్గరగా ఎక్కడ చూస్తావు?

ఆకాశం వైపు వస్తాను. అపోలో 11లో ఆర్మ్‌స్ట్రాంగ్ కాలు మోపడం అందరూ రాశారు, నువ్వూ రాశావు. ఆ తర్వాత రాత్రి ఉంది కదా! నడిచి లోపలికి వచ్చాక అతనూ, ఆల్డ్రిన్ ఇద్దరూ నిద్రపోవాలి. మంచాలు లేవు. ఆల్డ్రిన్ నేల మీద ముడుచుకున్నాడు, ఆర్మ్‌స్ట్రాంగ్ ఇంజిన్ మూత మీద కూర్చున్నాడు. లోపల చలి. పైగా తిరిగి లేవడానికి కావలసిన ఇంజిన్ స్విచ్ విరిగి నేల మీద పడి ఉంది. చివరికి ఆల్డ్రిన్ ఒక స్కెచ్ పెన్ను దూర్చి దాన్ని లోపలికి నొక్కాడు. స్కెచ్ పెన్ను అమ్మా! మన పిల్లలు చార్టుల మీద గీసే లాంటిది. పైన మూడోవాడు కాలిన్స్ ఒక్కడే చంద్రుడి చుట్టూ తిరుగుతున్నాడు. ప్రతి చుట్టులో 48 నిమిషాలు చంద్రుడి వెనక్కి వెళ్తే రేడియో ఉండదు, మనిషి గొంతు వినపడదు. ఇద్దర్నీ అక్కడ వదిలేసి ఒంటరిగా ఇంటికి రావలసి వస్తుందేమో అన్న టెన్షన్ అతనికి నెలల తరబడి ఉంది. నువ్వు "కాలిన్స్ కక్ష్యలో ఉండిపోయాడు" అని రాసి ముందుకు వెళ్లిపోయావు.

వాయేజర్ 1 అనే అంతరిక్ష నౌక మీద 55 భాషల పలకరింపుల్లో మన తెలుగు కూడా ఉందని సంతోషపడుతూ రెండు పేజీలు రాశావు. నాకూ సంతోషమే. కానీ అది బయల్దేరిన 1977 సెప్టెంబరు నుంచి, సూర్యుడి గాలి హద్దు దాటిన 2012 ఆగస్టుకి ఒక్క గెంతు గెంతావు. వాయేజర్‌కి చేరే ఊరంటూ లేదు, దానికి ఉన్నదంతా నడుమే! 2023 నవంబరులో అది ఉన్నట్టుండి అర్థంలేని అంకెలు పంపడం మొదలుపెట్టింది. దాదాపు 2,400 కోట్ల కిలోమీటర్ల దూరం. ఒక మాట పంపితే జవాబు రావడానికి 45 గంటలు. నాసా వాళ్లు ఐదు నెలలు కూర్చున్నారు. దాని జ్ఞాపకశక్తిలో ఒక చిప్పు పాడైందని కనిపెట్టి, అక్కడ ఉండాల్సిన ప్రోగ్రాముని ముక్కలు చేసి ఖాళీ ఉన్న చోట్ల సర్దారు. 2024 ఏప్రిల్‌లో మళ్లీ అర్థమయ్యేలా మాట్లాడింది. మంచాన పడి మాట పోయిన పెద్దాయన దగ్గర ఇంట్లోవాళ్లు కూర్చోరూ, ఏమంటున్నాడో అని చెవి పెట్టి? నాకు అలా అనిపించింది. నీ పుస్తకంలో వాయేజర్ అధ్యాయం ఆ ఐదు నెలలతో మొదలుపెట్టు.

దగ్గర సంగతి ఒకటి అడుగుతాను. 2018 నవంబరులో మన శ్రీకాకుళం, విజయనగరం జాలర్లు గుజరాత్ నుంచి వేటకు వెళ్లి పాకిస్తాన్ వాళ్లకు చిక్కారు. 2020 జనవరి 6న ఇరవై మంది వాఘా దాటి వచ్చారు. పట్టుబడిన రోజు పేపర్లో వచ్చింది, విడుదలైన రోజు దండలతో ఫొటోలు వచ్చాయి. ఆ ఏడాది పైచిలుకు వాళ్ల ఇళ్లల్లో పొయ్యి ఎలా వెలిగిందో, కరాచీ జైల్లో పొద్దు ఎలా గడిచిందో ఎవరు రాశారు? మనకి బయల్దేరడం కావాలి, చేరడం కావాలి. నడుమ ఉన్న మనిషి అక్కర్లేదు.

నువ్వు అడిగిన వాటిలో ఒక్కదానికి జవాబు చెబుతాను. మన యాస వాడొచ్చా అన్నావు. మాజెలాన్ నోట పెట్టకు. మన మనుషులు మాట్లాడే చోట మాత్రం ఉన్నదున్నట్టు పెట్టు, దిద్దకు. ఎవరైనా దిద్దమంటే ఆ కాగితాలు వెనక్కి తీసుకో.

పిగఫెట్టా గురించి ఒకటి మర్చిపోయాను. 1522 జూలైలో, తిరుగు ప్రయాణంలో కేప్ వెర్డ్ దీవుల దగ్గర ఆగినప్పుడు, తన లెక్క ప్రకారం ఆ రోజు బుధవారం. ఒడ్డు మీదవాళ్లు గురువారం అన్నారు. అతను ఒక్క రోజూ తప్పకుండా రాసుకున్నాడు, మరి రోజు ఎక్కడ పోయింది? పడమటికి, సూర్యుడి వెంటే భూమిని చుట్టి వచ్చారు కాబట్టి వాళ్లకి ఒక పొద్దు తక్కువ పొడిచింది. సెప్టెంబరు 6న విక్టోరియా ఓడ స్పెయిన్ చేరేసరికి అందులో మిగిలింది 18 మంది. రోజూ రాసుకున్నారు కాబట్టే పోయిన రోజు సంగతి లోకానికి తెలిసింది. నువ్వు ఆ బుధవారం గురించి ఒక్క ముక్క రాయలేదు.

కృతజ్ఞతల పేజీలో చివరి వరుసలో "మా నాన్న పదిహేనేళ్లుగా వెరావల్ బోట్ల మీద సరంగు" అని ఉంది. ఆ వరుస మీద పెన్సిలుతో గీత గీశాను. రెండు వందల పేజీల పుస్తకం రాసి, ఇంట్లో ఉన్న సరంగుని, బోటు నడిపే మనిషిని, కృతజ్ఞతల్లో కూర్చోబెట్టావు. ఇప్పుడు అక్కడ గుజరాత్‌లో వేట బందు కదా, ఆయన ఇంట్లోనే ఉండి ఉంటారు. ఆగస్టులో మళ్లీ రైలెక్కేలోపు కూర్చోబెట్టి అడుగు. బోటులో మంచినీళ్లు ఎక్కడ పెడతారు? ఎన్నో రోజుకి వాసన వస్తాయి? తక్కువపడుతున్నాయని ముందు ఎవరికి తెలుస్తుంది, వాడు మిగతావాళ్లకి చెబుతాడా? స్నానం ఎన్నాళ్లకి మానేస్తారు? ఆయన "ఏటుందమ్మా చెప్పడానికి" అంటారు. లేవకు. అక్కడే కూర్చో.

అది విన్నాక 47వ పేజీ మళ్లీ రాసి నాకు పంపు. పుస్తకం మొత్తం వద్దు, ఆ 98 రోజులు చాలు. అక్షరాలు కొంచెం పెద్దవి వేయించు. ఇప్పుడు దీపం వెలుగులో చదవడం కష్టంగా ఉంది.

నాన్నగారికి నమస్కారాలు చెప్పు.