చిత్తూరు డిక్రీ, బెంగళూరులో జప్తు: అప్పీలు ఏ కోర్టులో వేయాలి?

చిత్తూరు కోర్టు మీ అన్నగారిపై ఇచ్చిన డబ్బు డిక్రీ (డబ్బు చెల్లించాలన్న తీర్పు ఉత్తర్వు) అమలు కోసం బెంగళూరు సిటీ సివిల్ కోర్టుకు బదిలీ అయిందనీ, ఇక్కడ జప్తయిన ఇల్లు మీదేనంటూ మీరు వేసిన క్లెయిమును కొట్టివేశారనీ రాశారు. అప్పీలు కర్ణాటక హైకోర్టులోనే వేయాలి, ఆంధ్రప్రదేశ్ హైకోర్టులో కాదు. సివిల్ ప్రొసీజర్ కోడ్ 42వ సెక్షన్ ప్రకారం, బదిలీ అయిన డిక్రీని అమలు చేసే కోర్టు ఉత్తర్వులకు, ఆ డిక్రీని తానే ఇచ్చి ఉంటే వర్తించే అప్పీలు నియమాలే వర్తిస్తాయి. సిటీ సివిల్ కోర్టు తీర్పులపై అప్పీళ్లు నేరుగా హైకోర్టుకే వెళ్తాయి.

అయితే ముందుగా ఆ ఉత్తర్వు ఏ నిబంధన కింద వచ్చిందో చదవండి, చాలామంది పొరబడేది ఇక్కడే. అదే కోడ్‌లోని 21వ ఆర్డరు 58వ రూలు (జప్తయిన ఆస్తిపై క్లెయిములకు సంబంధించినది) కింద విచారించి తేల్చిన ఉత్తర్వు డిక్రీతో సమానం, కనుక అప్పీలు ఉంటుంది. కావాలని ఆలస్యం చేశారంటూ క్లెయిమును విచారణకే తీసుకోకపోతే, ఏడాదిలోగా విడిగా దావా వేయాలి. డిక్రీ అమలుపై మీ అన్నగారు స్వయంగా 47వ సెక్షన్ కింద లేవనెత్తిన అభ్యంతరం సంగతి వేరు: 1976 సవరణ తర్వాత అలాంటి ఉత్తర్వుపై అప్పీలు లేదు, రివిజనో (కింది కోర్టు ఉత్తర్వును సరిచూడమని హైకోర్టును కోరే అర్జీ), కింది కోర్టులపై హైకోర్టుకు పర్యవేక్షణాధికారమిచ్చే రాజ్యాంగం 227వ అధికరణ కింద పిటిషనో వేసుకోవాలి. అసలు డిక్రీయే తప్పనే వాదనను అమలు కోర్టు వినదు.

హైకోర్టులో అప్పీలు గడువు 90 రోజులు. ఉత్తర్వు నకలు తయారీకి పట్టే కాలాన్ని మినహాయిస్తారు కాబట్టి నకలు అర్జీ వెంటనే పెట్టండి. అప్పీలు వేసినంత మాత్రాన వేలం ఆగదు; దాంతోపాటే స్టే కోరండి.